42వ బొమ్మ: మన మామిడితోపుల ఆర్కిడ్‌కి ఆనవాలు దొరికిన తీరు

(కోనసీమలో ఒక ఊరి గ్రంథాలయంలో, వృక్షశాస్త్రం బోధించి రిటైరైన ఒక అధ్యాపకుడు చేసిన ప్రసంగానికి అక్షరరూపం. చివర సభికుల ప్రశ్నలు కొన్ని ఉన్నాయి.)

అందరికీ నమస్కారమండి. తమ్ముడూ, ఆ మైకు కాస్త కిందికి దించు... ఆఁ, చాలు.

బయట బోర్డు మీద ‘అరుదైన అడవి పూలు’ అని రాశారు. చదివి ఊరుకున్నాను గానీ, నేను చెప్పబోయే పువ్వు అరుదైందీ కాదు, దానికోసం మారేడుమిల్లి అడవికి వెళ్ళాల్సిన పనీ లేదు. మీలో చాలామందికి పాత మామిడితోపులున్నాయి. అందులో బాగా ముసలిచెట్టు చూసుకుని దాని పంగల దగ్గర వెతకండి. తెల్లటి లావుపాటి వేళ్ళు కొన్ని బెరడుని కరుచుకుని, కొన్ని గాలిలో వేలాడుతూ కనిపిస్తాయి. వాటి మధ్య నుంచి లేచిన కాడకి రెండు పక్కలా వరసగా దళసరి ఆకులు. ఆకు నిలువునా మడిచినట్టుంటుంది, కొసన ఎవరో కొరికేసినట్టు రెండు మూడు పళ్ళు. ఎండాకాలం వచ్చేసరికి ఆకు పంగలోంచి ఒక గెల వేస్తుంది, గెలకి ఆరు నుంచి పది పూలు. పువ్వు రెండంగుళాల లోపే. రేకులు వెనకవైపు తెలుపు. ముందువైపు పసుపు కలిసిన ఆకుపచ్చ మీద గోధుమరంగు గీతలు అడ్డంగా నిలువుగా పోయి, అచ్చం గళ్ళ లుంగీ. మధ్యలో పెదవిలాగా ముందుకొచ్చిన రేకు మాత్రం ఊదా. మంచి వాసన.

ఇది ఆర్కిడ్ అనే పూలమొక్కల కుటుంబంలోది, శాస్త్రీయ నామం వాండా టెస్సెలేటా. మనవాళ్ళు బదనిక అంటారు. అక్కడే చిక్కొచ్చింది. మామిడికొమ్మని పీల్చి ఎండగట్టే మొక్క ఇంకోటుంది, నారింజ ఎరుపు గొట్టాల్లాంటి పూలు పూస్తుంది. దాన్నీ బదనికే అంటారు. ఆ రెండోది చెట్టు చర్మంలోకి దిగి లోపలి నీటిని లాగుతుంది. దాన్ని నరికేయాల్సిందే. మన గళ్ళపువ్వు అలాంటిది కాదు. దాని వేరు బెరడు పైనే ఉంటుంది, గోటితో లేపితే లేస్తుంది. వాననీళ్ళు, గాలిలో తేమ, పంగలో పడి కుళ్ళిన ఆకుల సారం, వీటితో బతుకుతుంది. చెట్టు దానికి ఒక ఆసరా, అంతే. కానీ తోపు కౌలుకి తీసుకున్నవాళ్ళు ఏటా చెట్లు శుభ్రం చేయించేటప్పుడు రెండింటినీ ఒకే కత్తితో గీకించేస్తున్నారు. ఇవాళ ఇంకేం గుర్తు పెట్టుకోకపోయినా ఫరవాలేదు గానీ, ఆ గోటితో లేపి చూడటం ఒక్కటి గుర్తుపెట్టుకోండి.

సరే, విషయంలోకి వద్దాం. ఈ మొక్కకి శాస్త్రంలో చోటు దొరికింది ఎక్కడో కాదు, మన డెల్టా ఉత్తరపు అంచున, సామర్లకోటలో. భీమేశ్వరస్వామి గుడికి వెళ్ళినప్పుడు ఎప్పుడైనా ఈ సంగతి తోచిందా మీకు? ఎవరూ చెప్పరు కదా, ఎలా తోస్తుంది.

1781లో విలియం రాక్స్‌బర్గ్ అనే స్కాట్లండు వైద్యుడు అక్కడి ఈస్టిండియా కంపెనీ పటాలానికి సర్జనుగా వచ్చాడు. అంతకు ముందు 1776 నుంచీ మద్రాసులో పనిచేశాడు. సామర్లకోటలో మిరియం, నీలిమందు, చెరకు లాంటివి పెంచి చూడ్డానికి ఒక తోట వేశాడు. అప్పటికింకా మనకి ఆనకట్ట లేదు, కాలవలు లేవు. కాటన్ దొర కట్టిన ఆనకట్ట పూర్తయ్యేది 1852లో. అంటే రాక్స్‌బర్గ్ చూసిన గోదావరి జిల్లా మనకి తెలిసిన గోదావరి జిల్లా కాదు. వానొస్తే వరద, రాకపోతే కరువు. 1791, 92 సంవత్సరాల్లో వచ్చిన ఘోరమైన కరువుని ఆయన ఇక్కడే ఉండి కళ్ళారా చూశాడు.

ఆయన ఒక్కడే అనుకోకండి. ఈ తీరంలో అప్పట్లో మొక్కల పిచ్చివాళ్ళ ముఠా ఒకటి ఉండేది. (నవ్వులు) యోహాన్ కోనిగ్ అని, స్వీడన్‌లో, మొక్కలకి రెండు మాటల శాస్త్రీయ నామాలు పెట్టే పద్ధతి తెచ్చిన సాక్షాత్తూ లిన్నేయస్ దగ్గర చదువుకున్నవాడు. 1768లో డెన్మార్క్‌వాళ్ళ స్థావరమైన తరంగంబాడికి వైద్యుడిగా వచ్చి, తర్వాత కంపెనీ కొలువులో చేరాడు. మొక్కలకోసం సయాం, మలక్కా దాకా వెళ్ళొచ్చాడు. అక్కడి చెట్లమీది ఆర్కిడ్ల గురించి ఆయన రాసిపెట్టుకున్నవి చనిపోయాక అచ్చయ్యాయి. ఆయన పోయింది ఎక్కడనుకున్నారు? మన కాకినాడ జగన్నాథపురంలో, 1785 జూన్‌లో, రక్త విరేచనాలతో. దగ్గరుండి వైద్యం చేసింది రాక్స్‌బర్గే. తర్వాత ఆ కొలువులోకి విశాఖపట్నంలో ఉన్న పాట్రిక్ రస్సెల్ వచ్చాడు. ఈయనకి పాములంటే ఎక్కువ మోజు. మన రక్తపింజరని ఇంగ్లీషువాళ్ళు ఇవాళ్టికీ రస్సెల్ పాముగానే పిలుస్తారు. ఈ తీరంలో పనికొచ్చే మొక్కలన్నిటికీ బొమ్మలతో ఒక పుస్తకం వెయ్యాలని ముందు ప్రతిపాదించింది ఈ రస్సెలే. ఆ పని భుజానికెత్తుకుని చేసినవాడు రాక్స్‌బర్గ్.

చేస్తుంటే మధ్యలో దెబ్బ తగిలింది. 1787 మే నెలలో కోరంగి దగ్గర తుఫాను, ఉప్పెన. ఊళ్ళకి ఊళ్ళు పోయాయి, వేలమంది చనిపోయారు. అప్పటిదాకా రాక్స్‌బర్గ్ ఎండబెట్టి దాచుకున్న మొక్కలు, రాసుకున్న కాగితాలు, పుస్తకాలు నీటిపాలయ్యాయి. మళ్ళీ మొదటినుంచీ.

ఇక్కడ కొంచెం నిదానంగా చెప్తాను. మొక్కని గుర్తించడమంటే మామూలుగా ఏం చేస్తారు? కొమ్మ తెంపి, కాగితాల మధ్య అదిమి, ఎండబెట్టి, అట్టకి అంటిస్తారు. యాభైయేళ్ళ తర్వాత ఇంకొకడు కొత్తది తెచ్చి పక్కన పెట్టి పోల్చుకుంటాడు. తుమ్మకీ, తంగేడుకీ ఈ పద్ధతి బాగానే పనికొస్తుంది. ఆర్కిడ్ దగ్గర అది సాగదు. మా విద్యార్థులతో చేయించేవాణ్ణి, అదిమిన వాండా ఆకు కాగితాల మధ్య వారాల తరబడి పచ్చిగానే ఉంటుంది. చావదు! అందులో నీరు అంత. మరుగుతున్న నీళ్ళలో ముంచితే గానీ ఎండదు, లేకపోతే బూజు పడుతుంది. పువ్వు సంగతి ఇంకా అన్యాయం. ఊదారంగు పెదవి గోధుమరంగు ముద్దైపోతుంది, గళ్ళు మాయం, పెదవి వెనకున్న చిన్న గొట్టం నలిగి ఎటుపోయిందో తెలియదు. ఆర్కిడ్‌ని గుర్తించాల్సింది సరిగ్గా ఆ గొట్టంతో, ఆ పెదవి ఆకారంతో, మధ్యనున్న స్తంభంతో, అంటే పువ్వు ఆడ మగ భాగాలు కలిసిపోయి ఏర్పడిన కాడతో. పైగా మన డెల్టా ఉక్క, చెదలు. ఏ అట్ట మిగులుతుంది?

అందుకని బొమ్మే సాక్ష్యం అయింది. రాక్స్‌బర్గ్ మన దేశపు చిత్రకారులకి జీతాలిచ్చి తన దగ్గర పెట్టుకున్నాడు. పచ్చి మొక్క తెచ్చి ఎదురుగా పెడితే, ఉన్నది ఉన్నట్టు, ఉన్నంత సైజులో వేసి, పువ్వుని విప్పి దాని భాగాల్ని పక్కన విడివిడిగా వేసేవాళ్ళు. నీడలు వేసి అందం చెయ్యడం కంటే, రేకు అంచు ఎలా తిరిగిందో అలా దింపడం వాళ్ళ పని. మొక్కలు తెచ్చినవాళ్ళు మనవాళ్ళే, వాటికి తెలుగు పేర్లు చెప్పినవాళ్ళు మనవాళ్ళే. ఆ తెలుగు పేర్లు ఆయన పుస్తకంలోకి ఎక్కాయి, చెప్పిన మనుషుల పేర్లు ఎక్కలేదు. బొమ్మలు వేసినవాళ్ళ పేర్లు కూడా ఎక్కలేదు. నన్నడిగితే ఈ గుర్తింపులో సగం వాటా ఆ చిత్రకారులది. రాక్స్‌బర్గ్ రాసిన వర్ణన ఒక్కటే మనకి మిగిలుంటే, ఇది వాండాల్లో ఏ వాండా అని ఇప్పటికీ కొట్టుకుంటూ ఉండేవాళ్ళం.

ఇలా వేయించిన బొమ్మలు 500 దాకా లండన్‌కి పంపాడు. అక్కడ సర్ జోసెఫ్ బ్యాంక్స్ వాటిలో 300 ఏరి అచ్చు వేయించాడు. పుస్తకం పేరు తెలుగులో చెప్పాలంటే ‘కోరమాండల్ తీరపు మొక్కలు’. మొదటి సంపుటం 1795లో వచ్చింది, దానికి ముందుమాట రస్సెల్ రాశాడు. మూడో సంపుటం ముగిసేసరికి 1820. ఈలోగా 1793లోనే రాక్స్‌బర్గ్ కలకత్తా వృక్షోద్యానానికి పెద్దగా వెళ్ళిపోయాడు.

ఆ మొదటి సంపుటంలో 42వ బొమ్మ మన గళ్ళపువ్వు. 43, 44 కూడా ఆర్కిడ్లే. 43 దళసరి ఆకుల మొక్క. 44 గెలలు కిందికి వేలాడేది, తాటిచెట్ల మీద కూడా కనిపిస్తుంది చూడండి, అది. మూడూ పక్కపక్కనే, మూడింటికీ ఒకే ఇంటిపేరు, అంటే ప్రజాతి పేరు: ఎపిడెండ్రం. మనదానికి ‘ఎపిడెండ్రం టెస్సెలేటం’ అని పెట్టాడు, గళ్ళున్నది కాబట్టి.

ఆ ఇంటిపేరు తప్పు. కానీ రాక్స్‌బర్గ్‌ని అనడానికి లేదు. లిన్నేయస్ 1753లో చెట్లమీద పెరిగే ఆర్కిడ్లన్నిటినీ ఆ ఒక్క పేరు కింద తోసేశాడు. మన సామర్లకోట డాక్టరు చేతిలో ఉన్న పుస్తకం అది. ఇవాళ ఎపిడెండ్రం అనే ప్రజాతిలో ఉన్నవన్నీ అమెరికా ఖండాల మొక్కలే. మన దేశంలో ఒక్కటీ లేదు.

1799లో స్వీడన్‌లో ఓలోఫ్ స్వార్ట్జ్ దీన్ని అక్కణ్ణించి తీసి తను కొత్తగా కట్టిన సింబిడియం అనే ప్రజాతిలో పెట్టాడు. అదీ కుదరలేదు. ఎందుకో చెప్తాను, ఆర్కిడ్‌ని గుర్తించే కిటుకంతా ఇందులోనే ఉంది. సింబిడియం గుంపుగా పెరుగుతుంది. మొదలు దగ్గర దుబ్బు కడుతుంది, ఒక పిలక పక్కన ఇంకో పిలక. వాండా అలా కాదు. ఒకే కాడ, పైకి పైకి పోతూనే ఉంటుంది, కింద ఆకులు రాలుతుంటాయి, పక్కనుంచి వేళ్ళు దిగుతుంటాయి. సింబిడియం పెదవి రేకుకి వెనక గొట్టం ఉండదు. వాండాకి పొట్టిగా కొమ్ములాంటి గొట్టం ఉంటుంది, పెదవి స్తంభం మొదలుకి గట్టిగా అతుక్కుని ఉంటుంది. స్తంభం చివర టోపీలాంటిది ఉంటుంది, గుండుసూదితో పైకి లేపితే ఊడొస్తుంది. దాని కింద మైనంలాంటి రెండు పసుపు ముద్దలు, ఒక కాడ, కాడ చివర జిగురు బిళ్ళ. పుప్పొడంతా ఆ ముద్దల్లోనే. తేనెటీగలాంటిది తల దూరిస్తే ఆ బిళ్ళ దానికి అంటుకుంటుంది, ముద్దలు దానితోపాటు ఎగిరిపోతాయి. ఒక్కొక్క ప్రజాతిలో ఆ ముద్దలెన్ని, వాటి కాడ ఎలాంటిది, బిళ్ళ ఎంత అన్నది మారుతుంది. ఆకుని చూసి మోసపోవచ్చు, దీన్ని చూసి మోసపోవడం కష్టం.

ఈ లెక్కన దీన్ని విడదీసి సొంతిల్లు కట్టించినవాడు రాబర్ట్ బ్రౌన్. బ్యాంక్స్ గ్రంథాలయాన్ని చూసుకునేవాడు, చూపు అసాధారణం. జీవకణంలో కేంద్రకానికి ఆ పేరు పెట్టింది ఈయనే, అదీ ఆర్కిడ్ ఆకుల పైపొరలో చూసి, 1831లో. 1820లో ఆయన వాండా ప్రజాతిని స్థాపించాడు. వాండా అన్న మాట కలకత్తా జడ్జీ విలియం జోన్స్ ముందే వాడాడు, సంస్కృతం నుంచి తీసుకుని. అప్పటికి అయిదేళ్ళ క్రితమే, 1815లో, రాక్స్‌బర్గ్ ఎడింబరోలో చనిపోయాడు. ఆయన మీద గౌరవంతో బ్రౌన్ మన మొక్కకి ‘వాండా రాక్స్‌బర్గి’ అని పెట్టాడు.

మంచి పనే గానీ నియమం ఒప్పుకోదు. జాతికి ముందు పెట్టిన పేరు ఉండగా, ఎంత గౌరవం ఉన్నా కొత్తది చెల్లదు. 1795 నాటి టెస్సెలేటా మళ్ళీ వాండా పక్కన వచ్చి కూర్చుంది, 1830లో. అందుకే ఇవాళ పూర్తి పేరు చివర రాక్స్‌బర్గ్, హుకర్, డాన్, ముగ్గురి పేర్లూ పొట్టిగా రాస్తారు. అంటే సామర్లకోట నుంచి బయల్దేరి తన చోటు చేరడానికి 35 ఏళ్ళు. పక్కనున్న 43వ బొమ్మకి ఇంకా ఆలస్యం. లిండ్లీ 1853లో అకాంపే అనే ప్రజాతి కట్టాడు, దాన్ని ‘అకాంపే ప్రీమోర్సా’ చేసింది బ్లాటర్, మెకాన్‌లు, 1932లో. 137 ఏళ్ళు! (నవ్వులు)

ఇక్కడో తిరకాసు. పాతపేరు అంత తేలిగ్గా చావలేదు. 1890లో జోసెఫ్ హుకర్, ఇందాక చెప్పిన హుకర్ కొడుకు, బ్రిటిషిండియా వృక్షజాల గ్రంథంలో కూడా వాండా రాక్స్‌బర్గి అనే రాశాడు. వైద్య గ్రంథాలు చాలా అక్కణ్ణించే ఎత్తుకున్నాయి. అందుకని మీరు పుస్తకాలు తిరగేస్తే ఒకచోట రాక్స్‌బర్గి, ఒకచోట టెస్సెలేటా కనిపిస్తాయి. రెండూ ఒకటే మొక్క. పరీక్షల్లో రెండు వేర్వేరు మొక్కలుగా రాసిన పిల్లల్ని చూశాను, ఇది వాళ్ళ తప్పనలేం.

మన తోపులో ఎలా పోల్చుకోవాలో చెప్పి ముగిస్తాను. పువ్వు ఉంటే చిక్కులేదు. గళ్ళు, ఊదా పెదవి, వెనక తెలుపు, మూడూ కలిస్తే ఇదే. రంగు మాత్రం చెట్టుకీ చెట్టుకీ తేడా ఉంటుంది, ఒకటి పసుపు ఎక్కువ, ఒకటి గోధుమ ఎక్కువ. దానికి కంగారుపడి కొత్త జాతి దొరికిందనుకోవద్దు. ‘వాండా టెస్టేషియా’ అని తమ్ముడొకడున్నాడు, దాని పువ్వు చిన్నది, పసుపు, గళ్ళుండవు. అకాంపే పువ్వు కూడా చిన్నదే, కండగా, పసుపు మీద ఎర్రటి గోధుమ పట్టీలతో, పొట్టి గుత్తిలో దగ్గర దగ్గరగా ఉంటాయి. పూత లేనప్పుడే కష్టం. అకాంపే ఆకు వెడల్పు, బిరుసు, వంచితే విరిగేలా ఉంటుంది, కొసన రెండు తమ్మెలు ఒకటి పెద్ద ఒకటి చిన్న. వాండా ఆకు దానికంటే సన్నం, మడత లోతు, కొసన పళ్ళు. కానీ ఎండకి మాడిన ముదురు మొక్కలో ఇవి చూసి పందెం కాయొద్దు.

ఇంక మీరు అడగండి.

(ఒక మహిళ: మాస్టారూ, మా అత్తగారు కీళ్ళనొప్పులకి చెట్టుమీది బదనిక వేరు నూరి పట్టేవారు. అది ఇదేనా?)

అయ్యుండొచ్చమ్మా. ఆయుర్వేదంలో రాస్నా అనే మందు ఉంది, వాతానికి వాడతారు. ఆ రాస్నా ఏ మొక్క అన్నదే పెద్ద తగాదా. బెంగాల్లో ఈ వాండా వేరుని రాస్నాగా అమ్ముతారు. ఉత్తరాదిలో ప్లూకియా లాన్సియోలేటా అనే చిన్న మొక్క, ప్రభుత్వ ఆయుర్వేద ఔషధకోశం ఒప్పుకున్నదీ అదే. మన దక్షిణాదిలో దుంపరాష్ట్రం వాడతారు, అది అల్లం కుటుంబం. మూడింటికీ ఏమాత్రం చుట్టరికం లేదు. పొడిచేసి పొట్లం కడితే కంటికి తెలియదు. ముక్కగా ఉంటే మాత్రం వేరుని అడ్డంగా కోసి సూక్ష్మదర్శిని కింద పెడితే చాలు. వాండా వేరుకి బయట చచ్చిన కణాల పొరలు కొన్ని దళసరి తొడుగులా ఉంటాయి, నీళ్ళు పట్టుకోడానికి. ఆ తొడుగు మిగతా రెండింటికీ ఉండదు. ఇంట్లో కూడా ఒకటి చూడొచ్చు. తెల్లగా ఉన్న బతికిన వేరు మీద నీళ్ళు చల్లితే క్షణాల్లో పచ్చబడుతుంది, తొడుగు తడిసి లోపలి పచ్చదనం బయటికి కనిపిస్తుందన్నమాట. మందుగా వాడాలా వద్దా అంటే, అది వైద్యుణ్ణే అడగండి. నేను ఆకుల మాస్టార్ని.

(ఒక యువకుడు: తోపులోది ఊడదీసి ఇంటి దగ్గర కుండీలో పెట్టుకోవచ్చా అండీ?)

ఊడదియ్యొద్దు. గాలివానకి విరిగిపడిన కొమ్మ మీదుంటే తెచ్చుకో, మట్టిలో మాత్రం పాతకు, వారంలో కుళ్ళుతుంది. అదే కొమ్మముక్కతో సహా మరో మామిడికో సపోటాకో కట్టు, వేళ్ళు అవే పట్టుకుంటాయి. విత్తనంతో పెంచుదామంటే ఇంట్లో కాదు. కాయ పగిలితే విత్తనం పిండిలా ఎగురుతుంది, వేలకి వేలు, కానీ ఒక్కదాంట్లోనూ తిండి ఉండదు. ఫలానా బూజు దాన్ని అంటుకుని తిండి పెడితేనే మొలుస్తుంది. ఫ్రాన్సులో నోయెల్ బెర్నార్ 1899లో ఈ సంగతి కనిపెట్టాడు. బూజు లేకుండా పంచదార కలిపిన జెల్లీ మీద మొలిపించొచ్చని 1922లో అమెరికాలో లూయిస్ నడ్సన్ చూపించాడు. కడియం నర్సరీల్లో మీరు కొనే ఆర్కిడ్లు ఇలాంటి సీసాల్లోంచి వచ్చినవే. అందుకే చెప్తున్నాను, తోపులో ఉన్నదాన్ని పీకితే దాని చోట ఇంకోటి మొలవడం అంత తేలిక కాదు.

(డిగ్రీ విద్యార్థిని: ఫోన్‌లో ఫొటో పెడితే యాప్ పేరు చెప్పేస్తోంది కదా మాస్టారూ, నమ్మొచ్చా?)

నువ్వు ఏ ఫొటో పెట్టావన్నదాన్ని బట్టి ఉంటుందమ్మా. అందరూ పువ్వుని ఎదురుగా ఒక్కటి తీసి పెడతారు. నువ్వు ఎదురుగా ఒకటి తియ్యి, పక్కనుంచి ఒకటి తియ్యి, వెనకున్న గొట్టం కనపడాలి. వెనకవైపు ఒకటి, తెలుపు తెలియాలి. ఆకు కొస దగ్గరగా ఒకటి. మొక్క మొత్తం, చెట్టుతో సహా ఒకటి. పక్కన రూపాయి బిళ్ళ పెట్టు, సైజు తెలుస్తుంది. ఏ ఊరు, ఏ చెట్టు, ఏ తేదీ రాసిపెట్టుకో. తర్వాత 42వ బొమ్మ ఇంటర్నెట్‌లో స్కాన్ చేసి పెట్టారు, ఉచితంగా దొరుకుతుంది, దాని పక్కన నీ ఫొటో పెట్టి చూడు. పూత లేకపోతే ‘వాండా అనుకుంటున్నాను’ అని మాత్రమే రాయి. మళ్ళీ మార్చి దాటాక వెళ్ళి చూడు.